భువనకోశపు లెక్కలు – ప్రబంధములలోని దూరములు

పురాణములలో భువనకోశ మనబడు భాగ మొకటి కలదు. ద్వీపములు, సముద్రములు, వర్షములు, పర్వతములు, నదులు అనువాని పేర్లును, కొలతలును, ఎల్లలును అందు వరుసగా చెప్పబడి యుండును. విద్యార్థి యా భాగమునకు వచ్చినంతనే పుటలు త్రిప్పి, మరల కథ యెక్కడ మొదలగునో యక్కడ నాగుట సాధారణము. ఉపాధ్యాయుడును వారింపడు. సాహిత్యపరిశోధకులు దానిని చరిత్రభూగోళముల వారికి వదలివైచిరి. ఈ యుపేక్షవలన మన విమర్శకు నష్టము కలిగినదని నా తలంపు. భువనకోశము కేవలము నామావళి కాదు. నడువరాని భూమిని లెక్కతో గీచిన యొక శాస్త్రము. ఆ లెక్క యెక్కడ కుదురునో, యెక్కడ కుదరదో యెఱుగనిచో మన ప్రబంధములలోని కొన్ని ప్రయాణములు సగమే బోధపడును. దీనిని నిరూపించుటయే యీ వ్యాసోద్దేశము.

1. రెండు పాత త్రోవలు

భువనకోశమును గూర్చి యింతవరకు నడచిన చర్చలో రెండు త్రోవలు ముఖ్యములు. మొదటిది గుర్తింపు త్రోవ. పురాణము చెప్పిన ప్రతి పర్వతమునకును నేటి పటమున నొక చోటు చూపవలెనను పట్టుదల దీనికి మూలము. ఫ్రాన్సిస్ విల్ఫర్డు 1792లో ఏషియాటిక్ రిసర్చెస్ మూడవ సంపుటమున, పురాణములలో నైలునదీ ప్రాంతము వర్ణింపబడినదని నిరూపింపబూనెను. ఆయనకు సాయపడిన పండితుడు వ్రాతప్రతులలో పేర్లు మార్చి శ్లోకములు కల్పించినాడని తరువాత బయటపడినది. విల్ఫర్డే 1805లో దానిని ప్రకటించెను. అయినను ఆ పటము చావలేదు. నైలునది పుట్టుకను వెదకిన స్పీకు 1863లో వెలువరించిన తన గ్రంథమున విల్ఫర్డు వ్యాసమును, దానితోడి పటమును పేర్కొనినాడు. కల్పించిన శ్లోకములపై గీచిన పటమును నిజమైన యాత్రికుడు నమ్మిన యుదాహరణ మిది. 1966లో పురాణభూగోళముపై గ్రంథము ప్రకటించిన ఎస్. ఎం. అలీ భూగోళశాస్త్రజ్ఞుడు, విల్ఫర్డుతో పోల్పదగినవాడు కాడు. ఆయన వాదము సోపపత్తికము. కాని మేరువు పామీరు పీఠభూమి యని నిర్ణయించునపుడు ఆయన వేసికొన్న ప్రశ్నయు “ఇది యెక్కడ నున్నది?” అనునదియే. సప్తద్వీపములే నేటి యేడు ఖండములని చెప్పువారు వేసికొను ప్రశ్నయు నదియే. అలీ చూపిన జాగ్రత్త మాత్రము వారియందు లేదు.

రెండవది తిరస్కారపు త్రోవ. 1835లో మెకాలే తన విద్యావిషయక నివేదికలో, పాకపు సముద్రములును వెన్న సముద్రములును గల భూగోళమును ప్రభుత్వధనముతో బోధింపవలెనా యని యెత్తిపొడిచెను. గుర్తించువాడు పురాణమును నేటి పటమునకు సరిపుచ్చును. తిరస్కరించువాడు సరిపడలేదని పాఱవైచును. ఇరువురి చేతిలోను ఉన్న కొలబద్ద యొక్కటే. భువనకోశము తనకు తాను ఏ కొలబద్ద పెట్టుకొన్నదో చూచినవారు అరుదు.

2. జంబూద్వీపపు లెక్క

విష్ణుపురాణమున ద్వితీయాంశము చెప్పు కొలతలను తీసికొందము. జంబూద్వీపము వర్తులము, వ్యాసము 1,00,000 యోజనములు. నడుమ మేరువు. దక్షిణమునుండి యుత్తరమునకు భారతము, కింపురుషము, హరివర్షము, ఇలావృతము, ఆపైన రమ్యకము, హిరణ్మయము, ఉత్తరకురువు. ఇలావృతము గాక తక్కిన యాఱు వర్షములు ఒక్కొక్కటి 9,000 యోజనముల వెడల్పు. వానిని వేఱుపఱచు హిమవంతము, హేమకూటము, నిషధము, నీలము, శ్వేతము, శృంగి అను నాఱు వర్షపర్వతములు ఒక్కొక్కటి 2,000 యోజనముల వెడల్పు. మేరువు అడుగున 16,000 యోజనముల వెడల్పు కలది. దాని కిరుప్రక్కల ఇలావృతము 9,000 చొప్పున వ్యాపించినది.

వీనిని కూడి చూడుడు. ఆఱు వర్షములు 54,000. ఆఱు పర్వతములు 12,000. మేరువుతో కూడిన యిలావృతము 34,000. మొత్తము సరిగా 1,00,000. ఒక్క యోజనమైనను మిగులదు, తఱుగదు. ఇది తోచినట్లు చెప్పిన మాట కాదు. లెక్క సరిచూచుకొని చెప్పిన మాట.

ఇక పర్వతముల నిడుపు చూతము. నడుమ నున్న నిషధ నీలములు లక్ష యోజనములు. ఆవలివి పదేసివేలు తక్కువ. అనగా హేమకూటము 90,000, హిమవంతము 80,000. ఇచ్చట చిక్కు కలదు. వృత్తమున నడిమి గీత మాత్రమే వ్యాసమంత పొడవుండును. ప్రక్కకు జరిగిన కొలది జ్యా తఱుగును. నిషధము లోపలి యంచు కేంద్రమునకు 17,000 యోజనముల దూరమున నున్నది. అచ్చట జ్యా సుమారు 94,000 మాత్రమే. హేమకూటమునకు లభించు చోటు సుమారు 82,800, హిమవంతమునకు 62,600. పురాణము చెప్పిన నిడుపులు ద్వీపమున పట్టవు. హిమవంతము పదునేడువేలకు పైగా వెలికి వచ్చును.

ఈ పర్వతములు తూర్పు పడమరల సముద్రమున చొచ్చియున్నవని కొన్ని పురాణములు చెప్పుచున్నవి. హిమవంతము రెండు సముద్రములను అవగాహించి యున్నదను భావము కాళిదాసునకు సుపరిచితము. కావున మిగిలిన భాగము లవణసముద్రమున మునిగినదని సమాధానము చెప్పవచ్చును. ఆ సమాధానమును త్రోసిపుచ్చరాదు. కాని లక్ష, తొంబదివేలు, ఎనుబదివేలు అను వరుసను చూచిన యెడల అది వృత్తమును ముందు పెట్టుకొని కొలిచిన సంఖ్య కాదని తెలియును. పదేసివేలు దిగు మెట్ల వరుస అది. అట్లే ద్వీపసముద్రములు ఒకటి లక్ష, తరువాతిది రెండు, తరువాతిది నాలుగు అని ఇబ్బడిగా పెరుగును. పుష్కరద్వీపమును దాటి మంచినీటి సముద్రపు అంచువఱకు లెక్కించిన మొత్తపు వ్యాసము 5,07,00,000 యోజనములగును. పురాణము అండకటాహముతో కూడ భూమికి చెప్పినది 50 కోట్లు. నడిమి వ్యత్యాసమును కాంచనభూమితోను, లోకాలోకమున కావలి చీకటితోను నింపవలసి యున్నది.

ఈ వరుసలు విన్నవానికి ఒక్కసారితో నిలుచును. ఇబ్బడియగుటయు, పదేసివేలు తగ్గుటయు శ్రోత మఱువడు. కాబట్టి భువనకోశమును చెవికి గీచిన పటమని చెప్పవచ్చును. సభలో పౌరాణికుడు చెప్పగా విని మనసులో నిలుపుకొనవలసిన పట మది. తాళపత్రముపై గీతలు గీచి కొలువవలసినది కాదు. కంటితో కొలిచినపుడు చెడినది చెవితో వినినపుడు చెడదు.

మేరువు రూపమును నిట్టిదే. దాని యెత్తు 84,000 యోజనములు, భూమిలోపల 16,000. అడుగున వెడల్పు 16,000 కాగా శిరమున 32,000. పద్మపు కర్ణికవలె పైకి విరియు పర్వత మది. పైనుండి చూచి పటము గీచినచో శిఖరము తన యడుగును కప్పివేయుటయే గాక ఇలావృతములో 8,000 యోజనములను గూడ కప్పును. ఆ వర్షమున ఆకాశము కనబడునది 1,000 యోజనముల పట్టె మాత్రమే. ఇట్టి కొండను ఒక్క పటమున గీయుట యసాధ్యము. మాటలో చెప్పుట సులభము.

3. లెక్క తెలిసినవారి రెండు పరిష్కారములు

ఈ చిక్కు పూర్వులకు తెలియనిది కాదు. జైనులు జంబూద్వీపమును లక్ష యోజనముల వృత్తముగానే యంగీకరించి లోపలి విభాగమును మార్చిరి. వర్షములును పర్వతములును 1, 2, 4, 8, 16, 32, 64 అని పెరిగి, మరల నదే క్రమమున తఱుగును. ఆ భాగముల మొత్తము 190. లక్షను 190 చే భాగింపగా భరతక్షేత్రపు వెడల్పు 526 యోజనములును 6/19 యోజనమును. ప్రతి పర్వతమునకును జ్యాను శరమునుబట్టి గణించి చెప్పిరి. జంబూద్వీపపు చుట్టుకొలతను వ్యాసమును పది యొక్క వర్గమూలముచే గుణించి 3,16,227 యోజనములు, 3 క్రోశములు, 128 ధనుస్సులు, 13½ అంగుళములు అని తేల్చిరి. ఎవరును చుట్టి రాజాలని ద్వీపమునకు అరయంగుళమువఱకు లెక్క! నవ్వుటకు ముందు, లేనిదానియెడ నింత నిజాయితీ యేల యని యాలోచింపవలెను. ఈ గణితసంప్రదాయమునకు చెందిన మహావీరాచార్యుని గ్రంథమునే పావులూరి మల్లన తెనిగించెను. కావున నీ విద్య తెలుగువారికి దూరపుది కాదు.

రెండవ పరిష్కారము జ్యోతిస్సిద్ధాంతులది. భాస్కరాచార్యుడు 1150లో రచించిన సిద్ధాంతశిరోమణి గోళాధ్యాయమున భువనకోశమను పేరనే యొక ప్రకరణము కలదు. ఆయన భూమి గోళము. చుట్టుకొలత 4,967 యోజనములు. అనగా భూమి యంతయు చుట్టినను పురాణజంబూద్వీపపు వ్యాసములో ఇరువదింట నొక పాలు కూడ నిండదు. అయినను ఆయన మేరువును విడువలేదు, ఉత్తరధ్రువమున నిలిపెను. జంబూద్వీపమును ఉత్తరార్ధమునకును, తక్కిన ద్వీపసముద్రములను దక్షిణార్ధమునకును సర్దెను. కొలతలు విడిచి క్రమమును నిలిపినాడు. జైనులు వృత్తమును నిలిపి, దానికి తగినట్లు లోపలి కొలతలను దిద్దిరి. ఈ యిరువురును పురాణమును పరిహసింపలేదు. దానిలో ఏది నిలుపదగినదో, ఏది మార్పదగినదో నిర్ణయించిరి. విమర్శ యనగా నిదియే కదా.

4. శాస్త్రమునకు మూడు ప్రశ్నలు

కల్పితలోకములకు పటము గీచి, ఆ పటమును విమర్శించు విద్య పాశ్చాత్యదేశములలో గడచిన శతాబ్దిలో బలపడినది. టోల్కీన్ ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్ 1954–55 సంవత్సరములలో వెలువడినపుడు దానితో పటములుండెను. పటము ముందు నిలిపి కథను దానికి సరిపుచ్చితినని యా రచయిత చెప్పుకొనినాడు. 1981లో కారెన్ విన్ ఫాన్‌స్టాడ్ ఆ లోకమునకు సంపూర్ణమైన పటసంపుటి రచించి, పాత్రలు ఏ దినమున నెంత దూరము నడచిరో గణించినది. ఆమె పటరచన నేర్చిన భూగోళశాస్త్రజ్ఞురాలు. లేని దేశమునకు ఉన్న శాస్త్రపు నియమములను వర్తింపజేయుట ఆ కృషి విశేషము.

మన భువనకోశమున కా పద్ధతిని యథాతథముగా నతికింపరాదు. అచ్చట పటము ఒక్క రచయితది. ఇచ్చట అనేక పురాణములది. అయినను ఆ పరిశ్రమనుండి గ్రహింపదగిన సూత్ర మొకటి కలదు: కల్పితభూమిని దాని కొలతలతోనే పరీక్షింపవలెను. దీనిని మన గ్రంథములకు వర్తింపజేయు విద్యను అసంభవ భూచిత్రశాస్త్రమని వ్యవహరింతము. దానికి మూడు ప్రశ్నలు చాలును. ఒకటి: ఈ భూమికి చెప్పబడిన కొలతలు పరస్పరము కుదురుచున్నవా? రెండు: కుదరనిచోట ఏ ప్రయోజనము కొఱకు కుదరలేదు? మూడు: ఈ దూరమును నడువవలసిన వాడెవ్వడు, నడచుటకు వాడు చెల్లించిన వెల యేమి? మొదటి రెండు పురాణమునకు సంబంధించినవి. మూడవది కావ్యమునకు సంబంధించినది. సాహిత్యవిమర్శకునకు ముఖ్యమైనదియు నదియే.

ఇచ్చట నొక హెచ్చరిక యవసరము. కోటబురుజులు స్వర్గమును తాకినవి, అగడ్తలు పాతాళమును ముట్టినవి అను పురవర్ణనలు ఈ శాస్త్రమునకు విషయములు కావు. అవి యతిశయోక్తులు. ఆ బురుజులనుబట్టి కథలో నెవ్వరికిని త్రోవ మూసికొనదు, ఆ యగడ్తలో నెవ్వరును పడరు. కథాగమనమును మార్చు దూరమే యిచ్చట దూరము.

5. ప్రవరుని సగము దినము

మార్కండేయపురాణమున నొక గమనింపదగిన కూర్పు కలదు. జంబూద్వీపాదివర్ణనము ముగిసిన వెంటనే స్వారోచిషమనువు వృత్తాంతము మొదలగును. అందు మొదటి కథ భూమిని చూడగోరిన బ్రాహ్మణునిది. భూమి యెంత యున్నదో చెప్పిన పిమ్మట దానిని చూడగోరినవాని కథ చెప్పుట కేవలము యాదృచ్ఛికమని నేను తలపను. కాకతీయ ప్రతాపరుద్రుని కాలమున మారన యీ పురాణమును తెనిగించెను. కృష్ణదేవరాయల యాస్థానమున (1509–1529) పెద్దన యందలి కథను మనుచరిత్రముగా తీర్చెను. కథ ప్రబంధమైనది, భువనకోశము పురాణముననే మిగిలినది.

పురాణకథలో అతిథి తాను సగము దినమున వేయి యోజనములు పోగలనని చెప్పును. బ్రాహ్మణుడును సగము దినమున పోయి, తక్కిన సగమున తిరిగి రావచ్చునని లెక్క వేసికొనును. ఈ వేయి యెచ్చటిది? భారతవర్షపు తొమ్మిది భేదములలో సముద్రపరివృతమైన తొమ్మిదవది దక్షిణోత్తరముగా వేయి యోజనములని అదే పురాణము కొన్ని యధ్యాయములకు ముందు చెప్పినది. సిద్ధుని వేగమును దేశపు నిడుపును ఒక్క సంఖ్యయే. దీనిని కాకతాళీయమని వాదింపవచ్చును. వేయి యనునది వాడుకసంఖ్య కదా యనవచ్చును. కాని ఫలము చూడుడు. భారతవర్షమునకు తొమ్మిదివేల యోజనముల కొలతను గ్రహించినచో, దక్షిణపు టంచునుండి హిమవంతమునకు సిద్ధుని వేగముననే నాలుగున్నర దినములు పట్టును. మేరువు పాదమునకు 42,000 యోజనములు. ఇరువది యొక్క దినములు. పెద్ద కొలతలో కథ నడువదు. ఉదయమున బయలుదేఱి సాయంకాలమునకు ఇల్లు చేరవలసిన గృహస్థునకు చిన్న కొలతయే పటము. పురాణకారుడు రెండు కొలతలను ప్రక్కప్రక్కన నుంచినాడు. కథ వానిలో నొకదానిని ఎన్నుకొనినది.

పెద్దన సాధించినది యీ దూరమును సంఖ్యనుండి పాదమునకు దింపుట. ప్రవరుడు నిత్యాగ్నిహోత్రి, ఊరు విడిచి యెఱుగనివాడు, తీర్థములను గూర్చి యతిథులనడిగి తెలిసికొనువాడు. అనగా అతడు భువనకోశమును చెవితో వినినవాడు. పాదలేపము ఆ వినిన పటమును నడువదగిన పటముగా మార్చెను. మంచునీట లేపము కరగినపుడు కొండ తన నిజమైన దూరమును తిరిగి పొందినది. ఆ క్షణమువఱకు హిమవంతము వేడుక. ఆ క్షణమునుండి ఎడము. కొండ మాఱలేదు, కొలత మాఱలేదు. ఇంటికి పోవలసిన వేళ యైనది. ఆపైన వరూధినిని చూచి ప్రవరు డడుగునది త్రోవ. ఆమె యా ప్రశ్ననే పరిహాసమునకు సాధనముగా చేసికొనును. ఈ సన్నివేశమును శృంగారశాంతముల ఘర్షణగా వ్యాఖ్యానించుట పరిపాటి. అది సత్యమే. కాని దానికి పునాది భూచిత్రసంబంధమైన విపత్తు: ఒకడు త్రోవ నడుగుచున్నాడు, రెండవవారికి త్రోవ యనునది ప్రశ్నయే కాదు. దేవజాతివారికి దూరము లేదు, ఆహితాగ్నికి కలదు.

తుదకు ప్రవరుని ఇల్లు చేర్చినది మఱియొక లేపము కాదు. అతడు నిత్యము కొలిచిన యగ్ని. లక్ష యోజనముల ద్వీపమున నతనికి మిగిలిన స్థిరబిందువు ఇంటిలోని వేదిక యొక్కటియే. పురాణపటమునకు కేంద్రము మేరువు. ప్రబంధపటమునకు కేంద్రము గార్హపత్యము. ఈ కేంద్రము మాఱుటయే పెద్దన కావ్యదృష్టి యని నా నిర్ణయము.

6. వింధ్యము, వజ్రపురము

ఈ సూత్రము ఒక్క మనుచరిత్రమునకే పరిమితమా యని శంక కలుగవచ్చును. రాజమహేంద్రవరపు వీరభద్రారెడ్డికి శ్రీనాథు డంకితమిచ్చిన కాశీఖండమున వింధ్యము కథ చూడుడు. సూర్యుడు మేరువునకు ప్రదక్షిణము చేయును గాని తనకు చేయడని వింధ్యమునకు మత్సరము. అనగా పటమున కేంద్రస్థానము తనకు లేదని యొక కొండ యలుగుట. అది పెరిగి సూర్యుని త్రోవ నడ్డగించెను. దేవతల ప్రార్థనపై అగస్త్యుడు కాశిని విడిచి దక్షిణమునకు రాగా వింధ్యము వంగినది. ఆయన తిరిగి వచ్చువఱకు అట్లే యుండవలెను. ఈ పటము నిలుకడగా నుండుటకు షరతు ఒక్కటి: అగస్త్యుడు తిరిగి పోరాదు. కొలతలు సరిపడుటకు ఒక మనుష్యుని వియోగము మూల్యముగా చెల్లింపబడినది. కాశిని విడుచుచు ముని పడిన వేదనను శ్రీనాథుడు గోదావరీతీరమున, వింధ్యమునకు దక్షిణమున, వినిపించుచున్నాడు. అగస్త్యుడు పోగొట్టుకొనిన దిక్కునకు ఈ శ్రోతలును దూరస్థులే. ఆ దూరము వారికి కథ కాదు.

పింగళి సూరన ప్రభావతీప్రద్యుమ్నమున వజ్రపురము మఱియొక జాతి అసంభవస్థలము. హరివంశమునుండి వచ్చిన యీ పురమున వజ్రనాభుని యనుమతి లేక గాలియైనను చొరరాదు. దీనికి యోజనముల లెక్క ప్రధానము కాదు, ప్రవేశనియమమే యెల్ల. ఇట్టి పురమును గీయవలెనన్న గీత చాలదు; ఎవరు పోగలరు, ఎవరు పోలేరు అను పట్టిక కావలెను. హంసలు పోగలవు, నటవేషమున ప్రద్యుమ్నుడు పోగలడు. శుచిముఖి మాటయే ప్రభావతికి వెలుపలి లోకపు పటము. ఇచ్చటను దూరము వియోగముగానే కొలువబడినది. కాని కథ సుఖాంతము, ఏలయన నియమమునందు సందు కలదు. ప్రవరునకు సందు అగ్ని, ప్రద్యుమ్నునకు వేషము, అగస్త్యునకు మాత్రము సందు లేదు.

7. చేయవలసిన పని

ఈ మూడు నిదర్శనములతో సిద్ధాంతము సంపూర్ణమైనదని చెప్పను. మారన మార్కండేయపురాణమునందును, వెన్నెలకంటి సూరన విష్ణుపురాణమునందును భువనకోశపు సంఖ్యలను సంస్కృతమూలములతో సరిచూచి, మార్పులను పట్టికలుగా కూర్పవలసి యున్నది. ఛందస్సునకై సంఖ్య మాఱినదా, పాఠభేదమువలన మాఱినదా, కవి బుద్ధిపూర్వకముగా మార్చెనా యనునది ప్రతి తావునను వేఱువేఱుగా తేల్చవలసిన విషయము. పరిష్కర్తలకు సంఖ్యావాచకములు నమ్మదగిన సాక్షులు: కూడిక కుదరని పాఠమును కుదురు పాఠముతో పోల్చిచూచుటకు వీలు కలుగును. కాని, పైన పర్వతముల నిడుపు విషయమున చూచినట్లు, కుదరకపోవుటయే ప్రాచీనమైన యుద్దేశము కావచ్చును. కావున లెక్కతో పాఠమును దిద్దబోవు పరిష్కర్త ముందుగా ఆ లెక్క కంటికా, చెవికా యని తెలిసికొనవలెను.

తరగతిలో చేయదగినదియు నొకటి కలదు. మనుచరిత్రము బోధించునపుడు ప్రథమాశ్వాసమునకు ముందు భువనకోశపు టొక్క పుటను విద్యార్థులచే చదివించి, 54,000, 12,000, 34,000 అను మూడు సంఖ్యలను కూడించినచో చాలును. లక్ష సరిగా వచ్చుట చూచినవాడు ఆ భూమిని పరిహసింపడు; హిమవంతము ద్వీపమున పట్టదని చూచినవాడు దానిని నేటి పటమున వెదకడు. అప్పు డతడు ప్రవరుని పాదములవైపు చూచును. మంచులో లేపము కరగిన చోట పురాణపు లెక్క ముగిసినది. కావ్య మచ్చటనే మొదలైనది.